సస్పెండైన తమ్ముడికి వీసా చూడబోయాను

పోయినసారి మా తమ్ముడి సంగతి సగంలో ఆపేశాను కదా, మిగతాది ఈ రోజు.

వాడు ఊళ్లో ఒక ప్రభుత్వ రంగ సంస్థలో స్టోర్‌కీపర్. స్టాకు లెక్కలో తేడా వచ్చిందని సస్పెండ్ చేశారు. ఐదు నెలలైనా ఛార్జిషీటు ఇవ్వలేదు. "అన్నా, కువైట్‌కి ఏదో ఒక వీసా చూడు, వచ్చేస్తా" అని ఫోన్లో ఏడ్చాడు. నేనూ మా కఫీల్‌ని అడిగేశాను. అదే నా తప్పు.

సస్పెండైతే ఉద్యోగం పోయినట్టు కాదు. పర్మిషన్ లేకుండా హెడ్‌క్వార్టర్ వదలకూడదు. ఇంకే పనీ చేయడం లేదని రాసిస్తేనే సబ్సిస్టెన్స్ అలవెన్స్, అంటే మొదట్లో దాదాపు సగం జీతం, వస్తుంది. వీడు ఫ్లైటెక్కి ఉంటే వాళ్ల చేతికి మనమే ఇంకో కేసు ఇచ్చినట్టు!

విజయవాడ లాయరుగారు దారి చెప్పారు. 2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో సుప్రీంకోర్టు, మూడు నెలల్లో ఛార్జిషీటు ఇవ్వకపోతే సస్పెన్షన్ సాగదీయకూడదంది. ఇచ్చినా సరే, పొడిగించాలంటే కారణాలు రాయాలి. ముందు పై అధికారికి అర్జీ పెట్టించారు, రశీదు దాచమన్నారు. జవాబు రాకపోతే హైకోర్టులో 226 కింద రిట్ వేశారు. నా రెండు నెలల ఓవర్‌టైము ఫీజుకే పోయింది. ఎవరినో 'మేనేజ్' చేద్దామన్న మామకి మాత్రం రూపాయి పంపలేదు.

సస్పెన్షన్ ఎత్తేశారు. వేరే ఊళ్లో డ్యూటీ. విచారణ మాత్రం నడుస్తూనే ఉంది. వీడు తప్పు చేయలేదని కోర్టు అనలేదు. "నిజం చెప్పరా, లెక్క తేడా ఎలా వచ్చింది?" అని అడిగాను. "కాగితాలు చూపిస్తా అన్నా" అన్నాడు. ఇంకా చూపలేదు.