కులనిర్ధారణ విచారణము – ఉద్యోగరక్షణము
(వార్షిక మహాసభయందు గావింపబడిన యుపన్యాసము)



ఈ అమీరుపేటయందును, ప్రక్కనున్న పంజాగుట్టయందును మన బుడగజంగముల బిడ్డలు ఇరుకుగదులలో నుండి ఉద్యోగపరీక్షలకు జదువుచున్నారు. తంబుర బూని యూరూర గథలు చెప్పి జీవించినవారి మనుమలు కొలువులలో జేరుట మనకు పండుగయే. కాని కొలువు దొరకినంతమాత్రమున భయము తీరుటలేదు. కులనిర్ధారణము విచారణలో నున్నదని మెమో వచ్చిన నాటినుండి ఇంటిల్లిపాదికిని నిద్ర కఱవగుచున్నది. ఆ విషయముననే నాలుగు మాటలు విన్నవింపదలచితిమి.

ఉమ్మడి ఆంధ్రప్రదేశమున 1993లో వెలువడి, నేడు తెలంగాణమునందును అమలులోనున్న కులధ్రువపత్రముల చట్టము ప్రకారము, ఋజువు చేయు భారము కులము చెప్పుకొనువానిపైననే యున్నది. 1994 సెప్టెంబరు 2న మాధురీ పాటీలు వ్యాజ్యమున సుప్రీంకోర్టువారు పరిశీలక సంఘములను, విజిలెన్సు విభాగమును ఏర్పఱుపవలెననియు, విజిలెన్సు అధికారి స్వస్థలమునకు బోయి విచారింపవలెననియు, పరిశీలక సంఘము తన విచారణను రెండునెలలు మించకుండ ముగింపజూడవలెననియు నిర్దేశించిరి.

సంచారజీవనము చేసినవారికి స్వస్థల మెయ్యది? తండ్రి యొక యూరి చెఱువుకట్టపై గుడిసెలో బుట్టెను. కొడుకు వేఱొక యూరి పొలిమేరలో బుట్టెను. తాతకు బడి లేదు, భూమి లేదు, పహాణీలో బేరు లేదు. స్వాతంత్ర్యమునకు బూర్వపు పత్రములకు బ్రామాణ్య మధికమని 2011లో ఆనందు వ్యాజ్యమున, తెగల విషయమై, సుప్రీంకోర్టువారు చెప్పిరి. అట్టి పత్రములు మన కెక్కడివి? మఱియు జంగమను పేర వేఱొక కులము వెనుకబడిన తరగతుల జాబితాలో నున్నది. బడిపంతులు బుడగయను మాట విడిచి జంగమని మాత్రము వ్రాసినచో, ఆ యొక్క మాట యేండ్ల తరువాత కొలువునకే ముప్పు దెచ్చును.

అట్లని అసత్యపత్రములకు మేము రక్షణ గోరుటలేదు. తెలంగాణమున 2025 ఏప్రిల్ 14 నుండి అమలునకు వచ్చిన వర్గీకరణమున, మనమున్న మొదటి వర్గమునకు 15 కులములకును గలిపి దక్కినది 1 శాతము. ఆ యొక్క కొలువును పేరుసామ్యముచే అనర్హుడు గైకొన్నచో, మన బిడ్డ నోటి కూడు పోయినట్లే. 2017 జులై 6న జగదీశ బలరామ బహీరా వ్యాజ్యమున సుప్రీంకోర్టువారు మహారాష్ట్ర చట్టమును విచారించి, కులము నిలువనిచో, మోసపుటుద్దేశము లేకున్నను, ఏండ్లకొలది సేవ చేసియున్నను కొలువు నిలువదనిరి. తీర్పు కఠినమే, అర్హులకు మాత్రము మేలు. అయితే సేవాకాలము రక్షగానప్పుడు ఆలస్యము మఱింత క్రూరమగును. ఇరువదియవ యేట జరుగు విచారణకు సాక్ష్యము చెప్పవలసిన పెద్దలు అప్పటికి బ్రతికియుందురా?

కావున ప్రభుత్వమువారికి మా మనవి యిది. నియామకమైన వెంటనే విచారణ యారంభించి గడువులోపల ముగింపుడు. ఆలస్యము కార్యాలయముదైనచో ఇంక్రిమెంటును, ప్రమోషనును, పింఛనును ఆపకుడు. విడిది చేసిన గ్రామములవారి మాటను, కులపెద్దల మాటను సాక్ష్యముగా గైకొనుడు. తీర్పు వెలువడువఱకు ఎవనిని దోషిగా జూడకుడు.

మనవారికిని ఒక మాట. బిడ్డను బడిలో జేర్చునాడే పూర్తి కులనామము వ్రాయింపుడు. తండ్రి, పెదతండ్రుల పత్రములను భద్రపఱుపుడు. మెమో వచ్చినచో భయపడి దాచక గడువులోపల వ్రాతమూలకముగా బదులిచ్చి, ముట్టినట్లు సంతకము గొనుడు. విచారణదినమున దప్పక హాజరుకండు. పెద్దల వాఙ్మూలములను వారు జీవించియుండగనే వ్రాయించి యుంచుట సంఘమువారి విధి. ఆ పనిని ఈ యేడే యారంభింపవలెనని ప్రార్థించుచున్నాము.

సత్యమునకు విచారణ భయము లేదందురు. ఆ విచారణ ముగియుటకే జీవితకాలము పట్టినచో, సత్యవంతునకు మిగులున దేమి? ఈ ప్రశ్నను మహాసభవారి యెదుట నుంచి, ఇంతటితో విరమించుచున్నాము.