ఫొటోకు అందని అవసరం
(సొసైటీ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ప్రతి ఏటా వచ్చే మన సావనీరు తిరగేస్తే ఏం కనిపిస్తుంది? మూడు చక్రాల సైకిలు అందిస్తున్న ఫొటో, కుట్టుమిషన్లు పంచుతున్న ఫొటో, కంటి ఆపరేషన్ అయిన పెద్దవాళ్లు వరసగా కూర్చున్న ఫొటో. అందులో తప్పేమీ లేదు. ఇచ్చిన రూపాయి ఎక్కడికి చేరిందో చూసుకునే హక్కు దాతకు ఉంది. అయితే ఈరోజు మేము మాట్లాడబోయే ఇబ్బంది ఫొటోకు అందదు. ఆ పిల్లవాడిని నలుగురిలో నిలబెట్టి ఫొటో తీస్తే పక్కవాడికీ వాడికీ తేడా తెలియదు. అందుకే వాడికి సాయం కన్నా ముందు మాటలు అందుతాయి. పొగరు అంటారు, పెంపకం బాగోలేదంటారు, పలకరిస్తే పలకడంటారు.

దాని పేరు ఆటిజం. అందులో మాట ఆలస్యం కాకుండా, తెలివితేటల్లో లోటు లేకుండా ఉండేవారి స్థితిని చాలాకాలం యాస్పర్జర్ సిండ్రోమ్ అన్నారు. ఆ పేరు వెనక కొంచెం కథ ఉంది. 1943లో అమెరికాలో లియో కానర్ అనే డాక్టరు 11 మంది పిల్లల గురించి రాశారు. మరుసటి ఏడాది వియన్నాలో హాన్స్ యాస్పర్జర్ నలుగురు అబ్బాయిల గురించి రాశారు. వీరిద్దరికన్నా ముందే, 1920లలోనే, మాస్కోలో గ్రూన్యా సుఖరేవా అనే డాక్టరమ్మ ఇలాంటి ఆరుగురు అబ్బాయిలను వర్ణించింది. ఆమె పేరు మాత్రం ఎవరికీ పట్టలేదు. 1981లో లోర్నా వింగ్ అనే బ్రిటిష్ వైద్యురాలు యాస్పర్జర్ పేరును వాడుకలోకి తెచ్చారు. ఆమె కూతురికీ ఆటిజం ఉండేది. 2013లో అమెరికా మానసిక వైద్యుల గ్రంథం ఈ విడి పేరును తీసేసి అన్నిటినీ ఆటిజం స్పెక్ట్రమ్ కిందికి తెచ్చింది. నాజీల కాలంలో యాస్పర్జర్ కొందరు పిల్లలను, వికలాంగ శిశువులను చంపిన ఒక ఆసుపత్రికి పంపాడని 2018లో చరిత్రకారులు పత్రాలతో చూపించాక, ఆ పేరు వద్దనేవారు పెరిగారు. పాత పేరుతో గుర్తింపు పొందినవాళ్లు కొందరు దాన్నే చెప్పుకుంటారు. పేరు గురించి మాకు పట్టింపు లేదు. మనిషి అర్థం కావడమే మాకు కావాలి.

వాడు ఎలా ఉంటాడు? మాటను మాటగానే తీసుకుంటాడు. విసిగిపోయి "నా తల తినకు" అంటే "నేనేమీ తినలేదే" అంటాడు. ఎదురు సమాధానం చెబుతున్నాడని చెంప మీద ఒకటి వేస్తాం. "రెండు నిమిషాల్లో వస్తా" అని వెళితే గడియారం చూస్తూ కూర్చుంటాడు. మూడో నిమిషం నుంచి ఆందోళన మొదలవుతుంది. కళ్లలోకి చూసి మాట్లాడమంటే చూడగలడు గానీ, అప్పుడు మన మాట వినలేడు. ఒకే విషయం మీద గంటలు మాట్లాడతాడు. అది విజయవాడ మీదుగా వెళ్లే రైళ్ల నంబర్లు కావచ్చు, దేశాల మ్యాపులు కావచ్చు. ఎదుటివాడికి విసుగొచ్చిందని ముఖం చూసి పసిగట్టలేడు. అబద్ధం చెప్పడం వాడికి చాలా కష్టం. అందువల్ల బిర్యానీ ఎలా ఉందని అడిగిన ఖాలాకు ఉన్నది ఉన్నట్టు చెప్పేస్తాడు!

అమ్మాయిలైతే ఇంకా తొందరగా బయటపడరు. పక్క అమ్మాయిలు ఎలా నవ్వుతున్నారో, ఏం మాట్లాడుతున్నారో చూసి నేర్చుకుని రోజంతా అలాగే నెట్టుకొస్తారు. సాయంత్రం ఇంటికొచ్చి తలుపు వేసుకుని ఏడుస్తారు. బుద్ధిమంతురాలు, సిగ్గరి అని మనం మెచ్చుకుంటాం. చాలామందికి పెళ్లయి పిల్లలు పుట్టాక గానీ తమ సంగతి తమకు తెలియదు.

వీళ్లకు ప్రేమ లేదని, ఎదుటివారి బాధ పట్టదని ఒక మాట ఉంది. డేమియన్ మిల్టన్ అనే బ్రిటిష్ సమాజ శాస్త్రవేత్త, ఆయనకే ఆటిజం ఉంది, 2012లో దీన్ని తిప్పి చూపించారు. వాళ్లకు మనం అర్థం కాకపోవడం ఎంత నిజమో, మనకు వాళ్లు అర్థం కాకపోవడమూ అంతే నిజం. లోపం రెండు వైపులా ఉంటే సరిదిద్దుకోమని ఒకరికే చెప్పడం న్యాయమా?

ఇక మన మస్జిదుల సంగతి. ఈ బిడ్డలకు మన దినచర్యలో చాలా అనుకూలాలున్నాయి. రోజుకు అయిదు పూటలా తెలిసిన వేళలు, వుజూలో ఒకదాని తర్వాత ఒకటిగా తెలిసిన వరస, నమాజులో ఎప్పుడూ మారని కదలికలు. తర్వాత ఏం జరుగుతుందో ముందే తెలియడం వాళ్లకు గొప్ప ఊరట. కష్టం మిగతా చోట్ల వస్తుంది. మైకు కీచుమంటే వాడికి చెవిలో సూది గుచ్చినట్టుంటుంది. పండుగ రోజు గంజి పెట్టిన కొత్త బట్టలు, మెడ దగ్గర గీసుకునే లేబులు, అత్తరు ఘాటు, ఈద్గాహ్‌లో తోపులాట, ఆపై వరసగా వచ్చి మూడేసి సార్లు కౌగిలించుకునే చాచాలు, మామూలు! ఆ ఉదయమే వాడు నేల మీద పడి అరిచాడంటే దాన్ని మొండితనం అనకండి. మొండికేసే పిల్లవాడు ఒక కంటితో మనల్ని చూస్తుంటాడు. వీడికి ఎవరున్నారో కూడా తెలియదు. అప్పుడు నలుగురూ చేరి బుజ్జగించినా, గద్దించినా అది పెరుగుతుంది. మాటలు తగ్గించి, వెలుతురూ చప్పుడూ లేని చోటికి తీసుకెళ్లి, పక్కన ఒక్కరు ఊరికే కూర్చుంటే చాలు.

మస్జిదు కమిటీ పెద్దలకు మా విన్నపం చిన్నదే. గోడ పక్కన చివరి వరసలో ఒక చోటు, చెవులకు హెడ్‌ఫోన్ పెట్టుకుంటే ప్రశ్నించకపోవడం, కౌగిలి బదులు సలాం సరిపోతుందని ఒప్పుకోవడం. రూపాయి ఖర్చు లేదు. ఇవి లేకనే కొన్ని కుటుంబాలు పండుగలకు, దావత్‌లకు రావడం మానేశాయి. పిల్లవాడికి ఆటిజమైతే తల్లికి ఏకాంతవాసం పడుతోంది.

ఆ తల్లినే తప్పుపట్టిన కాలం కూడా ఒకటుంది. 1950, 60లలో తల్లి ప్రేమ చల్లారిపోవడం వల్లే ఆటిజం వస్తుందని పెద్ద పెద్ద డాక్టర్లే అన్నారు. అది పూర్తిగా తప్పని తేలి దశాబ్దాలైంది. ఇందులో వంశపారంపర్యం పాలు ఎక్కువ. టీకా వల్ల వస్తుందన్న మాట మన బస్తీల్లో ఇంకా వినిపిస్తోంది. దానికి మూలం 1998లో 12 మంది పిల్లల మీద ఇంగ్లండులో అచ్చయిన ఒక వ్యాసం. ఆ పత్రికే 2010లో దాన్ని ఉపసంహరించుకుంది, రాసిన డాక్టరు గుర్తింపు రద్దయింది. టీకాలు మానకండి.

జిన్ పట్టిందని, దిష్టి తగిలిందని తాయెత్తుల కోసం తిరిగిన కుటుంబాలను మేము ఎగతాళి చేయం. బిడ్డ కోసం దుఆ చేసుకోవడం ఎవరి హక్కైనా. మా కోపం వేరే వాళ్ల మీద. మూలకణాల చికిత్స అని లక్షలు గుంజేవాళ్లు, ఒంట్లోంచి లోహాలు తీసేస్తామని మందులెక్కించేవాళ్లు. ఇలా లోహాలు తీసే చికిత్సలో 2005లో అమెరికాలో ఒక పిల్లవాడు చనిపోయాడు. మూలకణాల చికిత్సను ఆటిజానికి సిఫార్సు చేయడం లేదని మన జాతీయ వైద్య కమిషనే 2022లో చెప్పింది. ఆటిజాన్ని పోగొట్టే మందు లేదు. నిద్ర పట్టకపోవడం, ఆందోళన, మూర్ఛ వంటివి తోడుంటే వాటికి మందులున్నాయి. మాటకు స్పీచ్ థెరపీ, రోజువారీ పనులకు, శబ్దాల బాధకు ఆక్యుపేషనల్ థెరపీ ఉన్నాయి. కనుక ఎవరైనా వచ్చి "బిడ్డకు ఆటిజం నయం చేయించాలి, లక్ష ఇప్పించండి" అంటే కమిటీ ఆ లక్ష ఇవ్వకూడదు. ఆ కుటుంబాన్ని మాత్రం వదలకూడదు.

పెళ్లి చేస్తే కుదురుకుంటాడనే మందు కూడా మన ఇళ్లలో ఉంది. అది ఇద్దరి జీవితాలతో ఆట. ఆటిజం ఉన్నవారు పెళ్లి చేసుకుని చక్కగా కాపురం చేస్తున్నారు, మంచి తల్లిదండ్రులూ అవుతున్నారు. నిఖాకు ముందే రెండు వైపులా సంగతి తెలిసి, ఇష్టపడి చేసుకున్నప్పుడు ఆ కాపురానికి బలం ఉంటుంది. దాచిపెట్టి చేసింది మోసమే అవుతుంది.

చదువు అయ్యాక ఏమిటన్నది అన్నిటికన్నా బరువైన ప్రశ్న. ఇక్కడ దుకాణాలు, గోదాములు, ప్రెస్సులు, మందుల ఏజెన్సీలు నడిపేవారు చాలామంది ఉన్నారు కాబట్టి దీని మీద కొంచెం ఎక్కువ మాట్లాడతాం. డిగ్రీ మంచి మార్కులతో పాసై, ఇంటర్వ్యూలో "మీ గురించి చెప్పండి" అనగానే నోరు పెగలక ఇంట్లో కూర్చున్న అబ్బాయిలు ఉన్నారు. ఆ ప్రశ్నకు ఎక్కడ మొదలుపెట్టాలో, ఎక్కడ ఆపాలో వాడికి తెలియదు. ఇంటర్వ్యూ మానేయండి. మూడు రోజులు జీతమిచ్చి పని ఇచ్చి చూడండి. స్టాకు లెక్క, బిల్లుల సరిపోలిక, మందుల గడువు తేదీలు చూడటం, ప్రూఫు దిద్దటం. ఒక అంకె తేడా ఉంటే వాడికి నిద్ర పట్టదు. అలాంటి గుమాస్తా దొరికితే మీరెందుకు వదులుకుంటారు?

బదులుగా వాడికి కావలసింది: పని నోటితో కాకుండా కాగితం మీద రాసివ్వాలి. "అది కాస్త చూడు" అంటే ఏం చూడాలో అర్థం కాదు. "సాయంత్రం 5 లోపు ఈ 40 బిల్లులు రిజిస్టరుతో సరిచూసి తేడాలున్నవి విడిగా పెట్టు" అంటే అయిపోతుంది. ఆజ్ఞలిచ్చే మనిషి ఒక్కరే ఉండాలి. కౌంటరు దగ్గర కాక లోపల కూర్చోబెట్టాలి. తప్పు చేస్తే నలుగురిలో కేకలేయకుండా ఏది తప్పో సూటిగా చెప్పాలి. సూటిగా చెబితే వాడు నొచ్చుకోడు, డొంకతిరుగుడుగా చెబితేనే అయోమయపడతాడు. నిజానికి ఈ ఏర్పాట్లతో మిగతా గుమాస్తాలకూ పని తేలికవుతుంది. దయతో కూర్చోబెట్టి సగం జీతమిచ్చే ఉద్యోగాలు మాత్రం మాకు వద్దు.

కాగితాల పని కొంత చెప్పాలి. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం గుర్తించిన 21 వైకల్యాల్లో ఆటిజం ఒకటి. 40 శాతం, ఆపైన ఉన్నట్టు సర్టిఫికెట్ ఉంటే చదువులో, ప్రభుత్వ ఉద్యోగాల్లో రిజర్వేషన్లు వర్తిస్తాయి. మన రెండు రాష్ట్రాల్లో సదరం క్యాంపుకు వెళ్లాలి, యూడీఐడీ కార్డు తీసుకోవాలి. నేషనల్ ట్రస్టు వారి నిరామయ పథకంలో ఏటా లక్ష రూపాయల వరకు ఆరోగ్య బీమా ఉంది. థెరపీల ఖర్చు కూడా అందులో కొంత వస్తుంది. అంతకన్నా పెద్ద భయం, "మేము పోయాక వీడెవరికి?" అన్నది. 18 ఏళ్లు నిండాక సొంత నిర్ణయాలు తీసుకోలేనివారికి కలెక్టరు అధ్యక్షతన ఉండే స్థానిక కమిటీ ద్వారా చట్టబద్ధ సంరక్షకుణ్ణి నియమింపజేసుకోవచ్చు. యాస్పర్జర్ తరహా వారిలో చాలామందికి ఇది అవసరమే ఉండదు. బ్యాంకు పని, అద్దె ఇల్లు, వంట ఇప్పటినుంచే నేర్పితే చాలు.

దాతలను మేము అడిగేది ఫొటోకు అందదని మొదటే చెప్పాం. సికింద్రాబాదులోని జాతీయ సంస్థకు పరీక్ష కోసం వెళ్లే తల్లికి బస్సు చార్జీ, ఆ రెండు రోజులు ఆమె పోగొట్టుకునే కూలి. ఒక స్పీచ్ థెరపిస్టుకు వరసగా మూడేళ్ల జీతం. ఒకే ఏడాది ఇచ్చి ఆపేస్తే పిల్లవాడు అలవాటుపడిన మనిషి మాయమవుతుంది, అది మొదలుపెట్టకపోవడం కన్నా హాని. నెలకు ఒక ఆదివారం పిల్లలను మరొకరు చూసుకుంటే తల్లి నిద్రపోవడానికి ఒక పూట. ఇవన్నీ రశీదు పుస్తకంలో వేరే పద్దు కింద రాయడానికి కమిటీ ఒప్పుకుంది.

హాలు బయట ఎడమవైపు బల్ల మీద సదరం, నిరామయ దరఖాస్తులు తెలుగులో ఉన్నాయి. నింపడం రానివారికి మన కుర్రాళ్లు ఇద్దరు భోజనాల వేళ దాకా అక్కడే కూర్చుంటారు. ఆధార్, ఫొటోలు, ఆసుపత్రి కాగితాల జిరాక్సులు తెచ్చుకోండి. వెనక గదిలో ఫ్యాన్ ఆపి, మైకు వైరు తీసేసి చాప వేసి ఉంచాం. చప్పుడు భరించలేని పిల్లలను అక్కడికి తీసుకెళ్లవచ్చు, పెద్దవాళ్లయినా సరే. భోజనం కూడా అక్కడికే పంపిస్తాం, మసాలా లేని అన్నం విడిగా ఉంది.