మూడు పందెములు, నూటపదునైదు పందెములు
(సాంస్కృతిక సంఘ సమావేశమున చేసిన ప్రసంగపాఠము)



కొలువు చేయువారి లోకములో ఒక అలవాటు ఉన్నది. ఒకడు ఎంత పెద్ద కుర్చీ వరకు ఎక్కినాడన్నది మొదటి ప్రశ్న. ఎన్ని సంవత్సరములు, ఎంత నిష్ఠతో పనిచేసినాడన్నది ఎవరికైన తోచినచో అడుగు ప్రశ్న. ఆటగాండ్రను సైతము లోకము ఈ తూనికతోనే తూచును. ఆ తూనిక ఎంత లోపభూయిష్ఠమో తెలుపుటకు జంషెడ్‌పూరు క్రికెటరు సౌరభ్ తివారీ క్రీడాజీవితము చక్కని నిదర్శనము.

జంషెడ్‌పూరు ఉక్కుతో పుట్టిన ఊరు. కర్మాగారము పిలుపునందుకొని నలుదిక్కుల నుండి జనము అచటికి చేరినారు. వారిలో తెలుగు కుటుంబములు అనేకము. ఊరి నడుమనున్న కీనన్ స్టేడియము కర్మాగారమునకు జనరల్ మేనేజరుగా నుండిన ఒక అమెరికను పేరిట వెలసినది. బేస్‌బాలు దేశస్థుని పేరు క్రికెట్ మైదానమునకు అమరుట ఒక వింతయే!

ఆ ఊరిలో 1989 డిసెంబరు 30న జన్మించిన తివారీ ఎడమచేతి బ్యాట్స్‌మన్. పదునేడేండ్లయిన నిండకముందే, 2006–07లో, జార్ఖండ్ పక్షమున రంజీ ట్రోఫీలో ప్రవేశించినారు. 2008లో కౌలాలంపూరులో విరాట్ కోహ్లీ నాయకత్వమున పందొమ్మిదేండ్లలోపువారి ప్రపంచకప్పును గెలిచిన జట్టులో ఆయన ఒకరు. 2010 ఐ.పి.ఎల్.లో ముంబయి పక్షమున 419 పరుగులు చేసినారు. మరుసటి యేడు బెంగుళూరు జట్టు ఆయనకు పదహారు లక్షల డాలర్ల వెల కట్టినది.

భారతజట్టులో ఆయన తొలి పందెము జరిగినది తెలుగుగడ్డ మీదనే. 2010 అక్టోబరు 20న విశాఖపట్టణములో ఆస్ట్రేలియాపై ఆడి, 12 పరుగులతో అజేయులుగా నిలిచి, విజయమును కన్నులార చూచినారు. ఆ డిసెంబరులో న్యూజీలాండుపై బెంగుళూరు పందెములో యూసుఫ్ పఠాన్ 123 పరుగులతో విజృంభించుచుండగా, రెండవ కొసను 37 పరుగులతో కడదాక కాచినవారు తివారీయే. అయినను దేశము తరఫున ఆడిన ఒకదినపు పందెములు మూడే; చేసిన పరుగులు 49. ఆ పిలుపు మరల రాలేదు. నడుమ భుజమునకు గాయము సైతము తగిలినది.

అచటితో ఆ కథ ముగిసినదని లోకము తలచినది. వాస్తవమునకు, అసలు కథ వేరొకచోట సాగుచుండెను. 2010–11లో ఆయన నాయకత్వముననే జార్ఖండ్ విజయ్ హజారే ట్రోఫీని గెలుచుకొన్నది. చలికాలపు ఉదయములలో, ప్రేక్షకులు పలుచగానుండు మైదానములలో, ఆయన పదునేడు సంవత్సరములు రంజీ ఆడినారు. 115 ఫస్ట్‌క్లాస్ పందెములు, 8,030 పరుగులు, 22 శతకములు, సగటు 47కు పైన. ఇది అదృష్టము తెచ్చిపెట్టు లెక్క కాదు. నిత్యకృత్యము కూడబెట్టిన లెక్క. అమెరికాలోను బేస్‌బాలు వృత్తిగా స్వీకరించినవారిలో అధికసంఖ్యాకులు చిన్న లీగులలోనే ఆయువు గడుపుదురు. పెద్ద ఆటగాండ్రు తయారగునది ఆ లీగులలోనే. రంజీ ట్రోఫీ మనకట్టిది.

2024 ఫిబ్రవరిలో, ముప్పదినాలుగవ యేట, కీనన్ స్టేడియములోనే రాజస్థానుపై ఆడి ఆయన ఆటకు స్వస్తి చెప్పినారు. అదే ఊరి వేగపు బౌలరు వరుణ్ ఆరోన్ కూడ అప్పుడే రంజీ నుండి విరమించినారు. జాతీయజట్టులోను, ఐ.పి.ఎల్.లోను స్థానము లేనప్పుడు రాష్ట్రజట్టులోని చోటును ఒక యువకునికి విడుచుట మేలని తివారీ చెప్పిన కారణము. పరుగులు ఇంకను వచ్చుచుండగానే పలికిన మాట యిది. 2025లో ఆయన జార్ఖండ్ రాష్ట్ర క్రికెట్ సంఘమునకు కార్యదర్శిగా ఎన్నికైనారు. బ్యాటు దించినను బాధ్యత దించలేదు.

పై మెట్టు అందని ఉద్యోగి ప్రతి కార్యాలయములోను ఉన్నాడు. ఆ మెట్టు అందకపోవుట అతని చేతిలోనిది కాకపోవచ్చును. చేతిలోనున్నవి రెండు: దొరికిన చోటున మనసు చిన్నబుచ్చుకొనక పనిచేయుట, వేళ వచ్చినపుడు ఎవరును గెంటకముందే లేచి, వెనుకవానికి చోటిచ్చుట. మొదటిది కష్టము, రెండవది మరింత కష్టము. ఈ రెంటిని నెరవేర్చినవానిని మూడు పందెములవాడని కాదు, నూటపదునైదు పందెములవాడని తలచుట న్యాయము. క్రీడాంగణమునకే కాదు, కచ్చేరీకిని అదియే న్యాయము.