చేతిలో లోకము – ఇంటిలో మౌనము

(పాఠశాల వార్షికోత్సవ సభలో తలిదండ్రుల నుద్దేశించి చేసిన ప్రసంగము)



1936వ సంవత్సరము ఏప్రిలు 1వ తేదీన ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రముగా నేర్పడినపుడు మన బరంపురము మదరాసు ప్రెసిడెన్సీ నుండి విడివడి అందు చేరెను. బంధువులనేకులు ఆవలను, మనము ఈవలను ఉంటిమి. అయినను ఒంటరితనము తోచలేదు. విజయనగరము నుండి “ఉభయకుశలోపరి” యని ఒక కార్డు వచ్చినచో ఇంటిల్లిపాదియు చుట్టుచేరి వినెడివారము. పిల్లవాడు చదువుచుండగా, అందలి ఒక్కొక్క పేరునకు అవ్వ ఒక్కొక్క కథ చెప్పెడిది.

నేడు విశాఖపట్టణమందలి మేనమామ ముఖమును సెల్‌ఫోనులో క్షణమున చూడవచ్చును. ఇది మేలే, నేను కాదనను. కాని కార్డు ఇంటికంతకు ఒకటి. ఫోను ఒక్కొక్కరికి ఒక్కొక్కటి. తెల్లవారగనే పూలబొమ్మతో శుభోదయము వచ్చును. దానిని మరియొకరికి పంపుదుము. నోట మాట వెడలదు.

ఈ బాధ మనకే పరిమితము కాదు. ఒంటరితనమును నివారించు బాధ్యతను బ్రిటను 2018లోను, జపాను 2021లోను మంత్రుల కప్పగించినవి. ప్రపంచమున ఆరుగురిలో ఒకరు దీనిచే బాధపడుచున్నారని ప్రపంచ ఆరోగ్యసంస్థ 2025 జూనులో ప్రకటించినది. కౌమారవయస్కులలో ఇది మరింత హెచ్చట. అనారోగ్యము, పేదరికము, ఒంటరి నివాసము మొదలగువానితో పాటు డిజిటల్ సాధనములను గూడ ఆ సంస్థ కారణములుగా పేర్కొన్నది.

మనకు దీనివలన మరియొక నష్టము కలదు. వీథిలో వినబడునది ఒడియా. బడిలో తెలుగు పాఠము చెప్పగలము గాని, పలుకుబడి ఇంటనే అబ్బవలెను. మొన్న నేనొక యింటికి పోగా, నలుగురు నాలుగు మూలల ఫోనులు చూచుచుండిరి. ఎనుబది యేండ్ల అవ్వ నన్ను చూచి, “పొద్దుటి నుంచి నాతో ఎవరూ మాట్లాడలేదు, నాయనా. కాసేపు కూర్చో” అన్నది. ఆమెకు తెలుగు తప్ప వేరు భాష రాదు. ఆమె మౌనము వహించిన నాడు ఆ యింట తెలుగెవరు నేర్పగలరు?

కావున నాదొక విన్నపము. రాత్రి భోజనవేళ పెద్దలమే ముందుగా ఫోనులను ప్రక్కన పెట్టుదము. నేడు మీ చేతికందిన ఈ వార్షిక సంచికనుండి మీ బిడ్డచేత దినమున కొక పుట అవ్వకో తాతకో చదివి వినిపింపజేయుడు. బిడ్డ తడబడినచో వారు దిద్దుదురు. ఏదో జ్ఞాపకము వచ్చి నాలుగు మాటలు చెప్పుదురు. వానిని మీరును కూర్చుండి వినుడు.

సెలవు.