చీరకట్టు – సంప్రదాయం



మన స్త్రీల చీరకట్టు అనాదిగా వస్తున్న ఆచారమనీ, దానిని మార్చరాదనీ పెద్దలు కొందరు సెలవిస్తూ ఉంటారు. చీర విడిచి సల్వారు కమీజు ధరించిన కోడలిని చూచి అత్తగారు నొచ్చుకొనడం పలు ఇండ్లలో ఉన్నదే. అయితే, అనాది అని మనమనుకొనే ఆ కట్టు ఏది?

నేడు దేశమంతటా కనిపించేది కుచ్చెళ్లు ముందు దోపి, కొంగును ఎడమ భుజంమీద వేసుకొనే కట్టు. రవికె, లోపావడలతో కూడిన ఈ రూపం ఇట్లు వ్యాపించి రెండు శతాబ్దాలైనా కాలేదు. ఈ మార్పునకు తోడ్పడినవారిలో ఒకరు సత్యేంద్రనాథ ఠాకూరు భార్య జ్ఞానదానందినీదేవి. 1860 దశకంలో ఆమె బొంబాయిలో పార్సీ స్త్రీల కట్టును చూచి, తనకు అనువుగా మలచుకొని వంగదేశానికి తెచ్చినారు. అంతఃపురం దాటి నలుగురిలోకి రాదలచిన స్త్రీకి ఆనాటి పలుచని ఒంటిచీర చాలలేదు. అవసరమే కొత్త కట్టును నేర్పినది.

మన సీమలో తొమ్మిది గజాల చీరను గోచిపోసి కట్టిన తల్లులు మోకాలిలోతు బురదలో నాట్లు వేసినారు. కుచ్చెళ్లు కాళ్ల నడుమనుండి వెనుకకు తీసి దోపుకొంటే అడుగుకు అడ్డు ఉండదు. ఆ కట్టు ఇప్పుడు ఎక్కువగా ముదుసళ్ల వద్దనే మిగిలి ఉన్నది. 2010లో వెలువడిన తమ గ్రంథంలో ఋతా కపూర్ చిష్టి 108 కట్టుతీరులను వివరించినారు. వాటిలో ఒక్కదానినే సంప్రదాయమనడం తక్కినవాటిని కట్టిన తల్లులను మరచిపోవడమే.

కట్టువలెనే నేత కూడా తలచుకొనదగినది. గద్వాల చీరకు నడుమభాగం నూలు, అంచు పట్టు. ఆ రెంటినీ మగ్గంమీదనే పోగుకు పోగు మెలివేసి కలుపుతారు. 2019–20 చేనేత గణన ప్రకారం దేశంలో చేనేత పనివారు 35 లక్షలకు పైబడినవారు; వారిలో నూటికి డెబ్బైమందికి పైగా స్త్రీలే. చీరను గురించి వాదించేటప్పుడు కట్టే స్త్రీని తలచుకొంటాము గాని, నేసే స్త్రీని తలచుకొనము.

కోడలు ఏమి ధరించవలెనో నిర్ణయించుకొనే హక్కు ఆమెదే. కాని అత్తగారికి గోచికట్టు వచ్చి ఉంటే, ఒక తీరిక మధ్యాహ్నం కోడలికి నేర్పవచ్చును. నేర్చిన తరువాత కట్టడం, మానడం ఆమె ఇష్టం. తెలిసి మానడం వేరు, తెలియక పోగొట్టుకొనడం వేరు.