మన ఆసుపత్రుల్లో గేహజీ

(పళ్ళికొండ యువజన కూడికలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ పళ్ళికొండ నుంచి ఒక దారి గుడియాత్తం పోతుంది, ఒక దారి వేలూరు పోతుంది. చిత్తూరు, కడప, అనంతపురం జిల్లాల మనవాళ్ళు రాయవేలూరు ఆసుపత్రికని తరతరాలుగా వస్తూనే ఉన్నారు. ఆ ఆసుపత్రి ఎలా పుట్టిందో ఒకసారి గుర్తుచేసుకుందాం.

తిండివనంలో మిషనరీ తలిదండ్రుల దగ్గరున్న ఇడా స్కడర్ అనే అమ్మాయి దగ్గరికి ఒకే రాత్రి ముగ్గురు భర్తలు వచ్చారు. ముగ్గురి భార్యలూ ప్రసవ వేదనలో ఉన్నారు. ఆమె తండ్రి వైద్యుడే. కానీ మగ డాక్టరు తమ ఇంటి ఆడవాళ్ళను ముట్టడానికి వాళ్ళు ఒప్పుకోలేదు. తెల్లవారేసరికి ముగ్గురు తల్లులూ చనిపోయారు. ఇడా అమెరికా వెళ్ళి వైద్యం చదివి, 1900లో వేలూరులో ఒక్క మంచంతో వైద్యం మొదలుపెట్టింది. వారం వారం గుడియాత్తం దాకా వెళ్ళి, దారి పక్కనే రోగులను చూసేది. 1918లో ఆడపిల్లల కోసం వైద్య పాఠశాల తెరిచింది. రోగి రాలేకపోతే వైద్యమే రోగి దగ్గరికి వెళ్ళిన దారి ఇది.

ఆనాడు వైద్యం అందక తల్లులు చనిపోయారు. ఈనాడు సంగతి చూడండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం, దేశం మొత్తంలో ప్రభుత్వ ఆసుపత్రుల్లోని కాన్పుల్లో 14.3 శాతం సిజేరియన్లు, ప్రైవేటులో 47.4 శాతం. తెలంగాణలో ప్రభుత్వ ఆసుపత్రుల్లో 44.5 శాతం, ప్రైవేటులో 81.5 శాతం. సిజేరియన్ ప్రాణం నిలిపే ఆపరేషన్, అవసరమైనచోట అది దేవుని వరమే. ముహూర్తాలు చూసేవాళ్ళం, నొప్పులకు భయపడేవాళ్ళం మనమూ ఉన్నాం. అయినా గుమ్మం మారితే కోత ఇంతగా ఎందుకు పెరగాలి? ఆ ప్రశ్న అడగకుండా ఉండలేము.

రెండవ రాజుల గ్రంథం 5వ అధ్యాయం మీకు తెలుసు. కుష్ఠు నయమైన నయమాను కానుకలు ఇవ్వబోతే ఎలీషా ముట్టుకోలేదు. సేవకుడైన గేహజీకి మనసు ఆగలేదు. రథం వెంట పరుగెత్తాడు. అవసరంలో ఉన్న ఇద్దరు యౌవనుల పేరు చెప్పి అబద్ధమాడి వెండి, దుస్తులు తెచ్చుకున్నాడు. చివరికి నయమాను రోగమే అతనికి అంటుకుంది. స్వస్థతను సరుకు చేసినవాడు తానే రోగి అయ్యాడు. ఈ రోజు మనం గట్టిగా పట్టుకోవలసిన మాట ఇదే. లాభాపేక్ష రోగిని మాత్రమే కాదు, డాక్టరును కూడా పాడుచేస్తుంది.

ఒక సాయంత్రం ఒక యువ డాక్టరు ప్రార్థన చేయమని మా దగ్గరికి వచ్చాడు. ఇన్ని స్కానింగులు, ఇన్ని అడ్మిషన్లు అని నెలకు టార్గెట్ అట. "రోగి లోపలికి రాగానే నాకు జబ్బు కంటే ముందు లెక్క గుర్తొస్తోంది, పాస్టరుగారూ" అన్నాడు. కోటి రూపాయల సీటు కోసం తండ్రి పొలం అమ్మాడు. ఆ అప్పు ఎవరు తీర్చాలి? రోగే తీర్చాలి. అదే వారం మా సంఘంలో బీడీలు చుట్టే ఒక సహోదరి తాళి కుదువ పెట్టి బిల్లు కట్టింది. ఈ ఇద్దరూ ఒకే కాడి కింద ఉన్నారని మాకప్పుడు అర్థమైంది. అందుకే డాక్టర్ల మీద చెయ్యి చేసుకోవడం పరిష్కారం కాదు, అది పాపం.

ఈ కాడి విరగనిదేమీ కాదు. లక్ష రూపాయలు దాటి అమ్మిన మందుపూత స్టెంటుకు 2017 ఫిబ్రవరిలో ప్రభుత్వం రూ. 29,600 గరిష్ఠ ధర పెట్టింది. డాక్టర్లకిచ్చే కానుకలను కంపెనీలు పన్ను లెక్కలో ఖర్చుగా చూపకూడదని 2022లో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. తమిళనాడు 1995 నుంచి తన వైద్య సేవల కార్పొరేషన్ ద్వారా మందులు టోకున కొని ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచితంగా ఇస్తోంది. ఎవరో గట్టిగా అడిగారు కాబట్టే ఇలాంటివి జరుగుతాయి.

మరి మనమేం చేయాలి? ఆసుపత్రికి వెళ్ళే పేదవాళ్ళకు తోడుగా వెళ్ళండి. "ఈ పరీక్ష ఎందుకండీ, ఆపరేషన్ చేయకపోతే ఏమవుతుందండీ" అని మర్యాదగా అడగండి. తొందర లేని ఆపరేషనైతే ఇంకో డాక్టరును కలవండి. అడిగిన 72 గంటల్లో వైద్య రికార్డులు ఇవ్వాలని 2002 నాటి వైద్య మండలి నియమాలు చెబుతున్నాయి, అడిగి తీసుకోండి. ప్రభుత్వ ఆసుపత్రిలో మందు లేకపోతే ఊరుకోకండి, అర్జీ రాయండి. సిలువ గుర్తు పెట్టుకున్న మన ఆసుపత్రులనూ ఇవే ప్రశ్నలు అడగాలి. అక్కడ మొహమాటం వద్దు.

డాక్టర్లు, నర్సులు కాబోయే పిల్లలారా, మీకొక మాట. మీ చదువు అప్పు మీ ఒక్కరి మీదే వేస్తే, రేపు మీరు గేహజీలా పరుగెత్తక తప్పదు. కాబట్టి ఆ భారం సంఘం పంచుకోవాలి. గుడులకు గోపురాలు కట్టే డబ్బులో కొంత ఇక్కడ పెడదాం పెద్దలారా.

రక్తస్రావం గల స్త్రీ వైద్యుల చుట్టూ తిరిగి ఉన్నదంతా ఖర్చుపెట్టి, మరింత క్షీణించి యేసు దగ్గరికి వచ్చింది. ఆయన ఆమెను కుమారీ అని పిలిచాడు. మన ఆసుపత్రుల్లో పేదరాలికి ఆ పిలుపు వినబడేవరకు మన పని అయిపోలేదు. దేవుడు మనకు ఆ ధైర్యం దయచేయును గాక. ఆమేన్.