కూర్పు బల్ల ముందు మన బిడ్డలు


వన్యప్రాణుల డాక్యుమెంటరీ చిత్రాల ఎడిటర్ వృత్తిని గురించి మనవి చేయదలచాను. నెలల తరబడి చిత్రీకరించిన దృశ్యాలలో ఏది ఉంచాలో, ఏది తొలగించాలో, ఏది ముందు నిలపాలో దర్శకునితో కూర్చుని తేల్చేది ఎడిటరే.

2022లో వెలువడిన ‘ఆల్ దట్ బ్రీత్స్’ చిత్రాన్నే తీసుకోండి. ఢిల్లీలో గాయపడిన గద్దలకు చికిత్స చేసే నదీమ్, సవూద్ అనే ముస్లిం సోదరుల కథ అది. దర్శకుడు షౌనక్ సేన్. ఎడిటర్ షార్లట్ మంక్ బెంగ్ట్‌సెన్. సన్‌డాన్స్, కాన్ చిత్రోత్సవాలలో బహుమతులందుకుని ఆస్కార్ నామినేషన్ కూడా పొందింది.

పౌరసత్వ చట్ట సవరణపై ఆందోళనలు సాగిన రోజులవి. ఆ భయం చిత్రంలో వీధి శబ్దంగా, ఇంటి మాటలుగా అంచున వినిపిస్తుంది. నడుమ నిలిచేవి మాత్రం పక్షికి వైద్యం చేసే చేతులే. అందువల్లనే లోకం ఆ సోదరులను గౌరవంతో చూసింది. ఆ గౌరవం కూర్పులో ఉంది.

మనపై తీసే చిత్రాలకు నొచ్చుకుంటాం, ఖండిస్తాం. ఖండించవలసిందే. కాని కూర్పు బల్ల ముందు మన బిడ్డలెందరున్నారు?

పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో, కోల్‌కతా సత్యజిత్ రే సంస్థలో పట్టభద్రులకు ఎడిటింగ్ శిక్షణ ఉంది. షౌనక్ సేన్ జామియా మిల్లియాలో చదివినవారే. తొలి ఏళ్లు సహాయకులుగా గడపాలి. రాబడి నిలకడగా ఉండదు. అయినా బిడ్డ కోరితే తోసిపుచ్చకండి.

జీవితమంతా ఫైళ్లు కూర్చిన గుమాస్తాను నేను. ఏ కాగితం పైనుంటే నిర్ణయం అటే మొగ్గుతుందని ఎరుగుదును.

ఖుదా హాఫిజ్.